వెన్న మీద వేలి గుర్తు

ఇవాళ చిన్న కథ. నాలుగు ముక్కల్లో అయిపోతుంది. కాళ్ళు ముడుచుకుని, దుప్పటి లాక్కుని, ఊఁ కొడుతూ విను. ఊఁ ఆగితే కథా ఆగుతుంది, ముందే చెప్తున్నాను.

అనగా అనగా, ఏడు మబ్బులకి అవతల, చందమామలు రెండున్న దేశంలో, ఇప్పలమడుగు అని ఒక ఊరు. ఆ ఊళ్ళో తవిటమ్మ అని ఒక కొత్త కోడలు. ఆ కోడలు ఒకరోజు వెన్నకుండలో వేలు పెట్టింది.

అంతే కథ. పడుకో.

ఏంటి, చాలలేదా? మీ అమ్మా ఇంతే. చిన్న కథ చెప్పమని అడిగేది, చిన్నదైతే మూతి ముడిచేది. ఇప్పుడు మూతి ముడవడం మానేసింది, నీ చేత ముడిపిస్తోంది.

సరే. వేలి గురించి చెప్పాలంటే ముందు వెన్న గురించి చెప్పాలి. వెన్న గురించి చెప్పాలంటే నిదానం గురించి చెప్పాలి. నిదానం గురించి చెప్పాలంటే ఆ ఊరివాళ్ళ గురించి చెప్పాలి. వాళ్ళ గురించి చెప్పడం నాకేమీ కష్టం కాదు.

ఇప్పలమడుగు వాళ్ళు మంచివాళ్ళు. పక్కింటి పొయ్యి మీద ఏం ఉడుకుతోందో, అందులో ఉప్పెంత పడిందో చెప్పగలిగేంత మంచివాళ్ళు. వాళ్ళకి మేకలే ఆస్తి. ఆ దేశంలో మేకలు ఆకుపచ్చగా ఉంటాయి. వాటి వెన్న కూడా లేత అరిటాకు రంగులో ఉంటుంది. తిన్నవాళ్ళు తినగానే కళ్ళు మూసుకుంటారట. రుచికో, రంగు చూడలేకో నాకు తెలియదు.

ఆ ఊరి పెద్ద కూర్మయ్య. ఆయన గొంతు పెద్దది. ఆ ఊళ్ళో పెద్దరికానికి కావలసింది అదొక్కటే.

ఆ ఊళ్ళో ఒక కట్టుబాటు ఉండేది. ఎదుటి మనిషి మాట మొదలుపెడితే, అది పూర్తయ్యేదాకా వినేవాళ్ళు కదలకూడదు. ఇల్లు తగలబడుతున్నా సరే, "తగలబడు..." అని మొదలుపెట్టినవాడు "తోంది" అనేదాకా నిలబడాల్సిందే.

ఎందుకంటే, వెనకటికి కూర్మయ్య తాతగారి తాతకి మంచినీళ్ళ ఊట ఎక్కడుందో తెలుసు. ఆయన చివరి ఘడియల్లో కొడుకుని పిలిచి, "ఊట ఎక్కడుందంటే..." అని మొదలుపెట్టాడు. అప్పుడే మేక ఒకటి పెరట్లోకి దూరింది. కొడుకు దాన్ని తోలడానికి వెళ్ళాడు. తిరిగొచ్చేసరికి ముసలాయన లేడు. ఆ రోజు నుంచి ఊరంతా ఉప్పునీళ్ళే తాగుతోంది. ఉప్పునీళ్ళు తాగిన ప్రతిసారీ ఆ కట్టుబాటు ఇంకొంచెం గట్టిపడింది.

ఇప్పుడు నిదానం.

ఊరి చివర ఒక కొండ. ఆ కొండకి ఒక చీలిక. ఆ చీలికలోంచి ఒక సెగ వచ్చేది. వేడి సెగ కాదు. కాలిన పెనం మీద గాలి వణుకుతుంది చూడు, అలా వణికేది. జిల్లేడు పువ్వు రంగులో ఉండేది. దగ్గరికి వెళితే తేనెతుట్టెలా రొద చేసేది, చేతి మీద రోమాలు లేచి నిలబడేవి. అది ఎక్కడ పరుచుకుంటే అక్కడ కాలం నెమ్మదించేది. అంచు దగ్గర పలచగా ఉండేది, అక్కడ మనకి నెల రోజులైతే లోపల ఒక పూట. లోపలికి పోయినకొద్దీ చిక్కబడేది. బాగా లోపల ఒక పిచ్చుక ఎగురుతూ ఉండేది. కూర్మయ్య తాత పుట్టినప్పుడు అది రెక్క ఎత్తిందట. కూర్మయ్య పెళ్ళినాటికి ఇంకా దించలేదు.

దానికే ఊరివాళ్ళు నిదానం అని పేరు పెట్టారు.

అది మంచిది కాదమ్మడూ. ఒకసారి ఒక మేకపిల్ల ముందు కాళ్ళు అందులో చిక్కటి చోట పెట్టింది. వెనక కాళ్ళు బయట ఉన్నాయి. బయట గుండె వెయ్యిసార్లు కొట్టుకునేలోగా లోపల నెత్తురు ఒక్క అంగుళం కదల్లేదు. అంతే. తల ఇంకా బతికే ఉంది, గడ్డి వైపు చూస్తోంది. తోక వైపు ఈగలు ముసిరాయి.

దాన్ని చూసి ఇంకో ఊరివాళ్ళైతే ఊరు ఖాళీ చేసేవాళ్ళు. ఇప్పలమడుగు వాళ్ళు ఏం చేశారు? వెన్న దాచుకున్నారు.

నవ్వకు. అందులో పెట్టిన వెన్న ఎండాకాలంలో కూడా కరగదు, పుల్లబడదు. అందుకని అంచు చుట్టూ సున్నంతో గీత గీశారు. పొడుగాటి కొక్కెం కర్ర చేసుకున్నారు. ఆ కర్రతో కుండని లోపలికి తోసేవాళ్ళు, ఆ కర్రతోనే బయటికి లాగేవాళ్ళు. గీత దాటి చెయ్యి పెట్టకూడదు, కాలు పెట్టకూడదు. రొద ఆగిందంటే మాత్రం వెనక్కి చూడకుండా పరిగెత్తాలి. రొద ఆగితే నిదానం పొంగుతుంది, పాలు పొంగినట్టు.

ఇప్పుడు తవిటమ్మ దగ్గరికి వద్దాం.

తవిటమ్మకి అప్పుడు పంతొమ్మిదేళ్ళు. పెళ్ళై నాలుగు నెలలు. అత్తగారి పేరు ఎర్రయ్యమ్మ. ఆవిడకి చెవులు వినపడవు గానీ, కోడలు గుటక వేస్తే మాత్రం వినపడేది. మొగుడి పేరు పారినాయుడు. చెడ్డవాడు అనలేం. చెడ్డవాడు కావాలంటే కాస్త ఒళ్ళు వంచాలి. ఈయన కేకలు మాత్రమే వేసేవాడు.

తవిటమ్మ రోజూ నలభై మేకల పాలు పిండేది. ఆ తర్వాత పెరుగు చిలికేది. ఆ తర్వాత వెన్న తీసి కుండకెత్తేది. ఆ తర్వాత గంజి తాగేది. నాలుగు నెలలు చేతుల నిండా వెన్న పూసుకుని గంజి తాగింది. ఒకరోజు పొద్దున్న, మూత పెట్టే ముందు, చూపుడు వేలు ఒకటి కుండలో ముంచి నోట్లో పెట్టుకుంది.

ఎర్రయ్యమ్మకి ఆ చప్పుడు వినపడింది. అయితే అప్పటికే కుండ నిదానంలోకి వెళ్ళిపోయింది. వెన్న మీద వేలి గుర్తు అలాగే ఉండిపోయింది.

మర్నాడు పారినాయుడు వీధిలోకి వచ్చి నిలబడ్డాడు.

"నలుగురూ రండి! మా ఇంట్లో దొంగ పడింది! వాళ్ళ పుట్టింట్లో వెన్న మొహం చూడని దొంగ!"

నలుగుర్ని రమ్మంటే నలభైమంది వచ్చారు. చంకలో పిల్లలతో కొందరు, చేతిలో గరిటెతో కొందరు. గరిటెతో వచ్చినవాళ్ళ ఇళ్ళల్లో ఆ పూట కూర మాడిపోయింది, అది వేరే కథ.

"వేలి గుర్తు అలాగే ఉంటుందిరా! కుండ తెచ్చి చూపించు!" అని అరిచింది ఎర్రయ్యమ్మ.

"తెస్తాను. అది చూసి మీరే చెప్పండి, ఇది ఉండాలో పోవాలో" అన్నాడు పారినాయుడు.

తవిటమ్మ గుమ్మంలో నిలబడి ఉంది. నలభైమంది తన చూపుడు వేలి వైపే చూస్తున్నారు. ఆ వేలిని చీర కొంగులో దాచుకుంది.  లోపలికి వెళ్ళి రెండు చీరలు మూట కట్టింది. పుట్టింటి నుంచి తెచ్చుకున్న చాప చంకన పెట్టుకుని బయటికి వచ్చింది.

"ఎవరూ చెప్పక్కర్లేదు. నేనే పోతున్నాను" అంది.

అని, ఆ ఇంటి దుమ్ము కూడా తనకి అక్కర్లేదన్నట్టు, చాపని వీధిలో బలంగా దులిపింది. నాలుగు నెలల దుమ్ము లేచింది. లేచి గాలికి కొండ వైపు కదిలింది.

వాళ్ళది కొండ వైపు చివరి ఇల్లు. పారినాయుడు అప్పటికే గీత దగ్గరున్నాడు. కోపంలో కొక్కెం కర్ర తీసుకెళ్ళలేదు. గీత దాటి, అంచు పలచన కాబట్టి బతికిపోయి, కుండని చేత్తోనే ఎత్తి, ఎడమ చంకన పెట్టుకుని గీత ఇవతలికి వచ్చాడు.

అప్పుడు రొద ఆగింది.

ఊరందరికీ ఆ నిశ్శబ్దం వినపడింది. ఆకుపచ్చ మేకలు కట్లు తెంపుకున్నాయి. జనం వెనక్కి పరిగెత్తారు. పారినాయుడికి మాత్రం తెలియలేదు. ఆయన ఇంకా అరుస్తూనే ఉన్నాడు. తన గొంతులో తనకి ఏ నిశ్శబ్దమూ వినపడలేదు.

నిదానం పొంగింది. పొంగి, వీధి మొదటిదాకా వచ్చి, తవిటమ్మ కాళ్ళకి పది అడుగుల దూరంలో ఆగింది. రొద మళ్ళీ మొదలైంది.

ఆ తర్వాత చూస్తే, లోపల పారినాయుడు నిలబడి ఉన్నాడు. ఎడమ చంకన కుండ. కుడి కాలు గాలిలో. నోరు మూసుకుని ఉంది, చివరి కేక అయిపోయినట్టుంది. తల మాత్రం పెళ్ళాం వైపు తిరిగి ఉంది. కుండ మూత పక్కకి జరిగింది. వెన్న మీద వేలి గుర్తు ఎండలో స్పష్టంగా కనపడుతోంది.

ఆయన్ని బయటికి తేవడానికి ఊరివాళ్ళు మూడు పనులు చేశారు. మొదట తాడు విసిరారు. ఉచ్చు వెళ్ళి గాలిలో నిలబడిపోయింది, ఆయన తలకి రెండు మూరల దూరంలో. ఆ తర్వాత కొక్కెం కర్ర తోశారు. కర్రా అక్కడే ఉండిపోయింది. ఆ తర్వాత కూర్మయ్య ముందుకు వచ్చి, "ఒరేయ్ పారీ, వచ్చెయ్!" అని పెద్ద గొంతుతో పిలిచాడు. దాంతో తమ బాధ్యత తీరిందని అందరూ అనుకున్నారు.

తవిటమ్మ మూట ఎత్తుకుంది.

"ఎక్కడికి పిల్లా?" అన్నాడు కూర్మయ్య.

"మా ఊరికి బాబూ."

"ఎలా వెళ్తావు? నీ మొగుడు నీ వైపు తల తిప్పాడు. తల తిప్పాడంటే మాట మొదలుపెట్టినట్టే. పూర్తయ్యేదాకా వినాలి కదా."

"నోరు తెరవలేదు బాబూ. పెదవులు మూసే ఉన్నాయి."

"తెరుస్తాడు. ఉండమంటే ఉండు, పొమ్మంటే పో. వినకుండా పోతే ఊరంతటికీ మళ్ళీ ఉప్పునీళ్ళే."

"ఇప్పుడు తాగేది ఉప్పునీళ్ళే కదా బాబూ" అంది తవిటమ్మ.

నలభైమందీ ఆమె వైపు చూసిన చూపుకి, ఆమె మూట దించి దాని మీద కూర్చుంది. మూడు రోజులు అలాగే కూర్చుంది. మూడో రోజు సాయంత్రం ఎర్రయ్యమ్మ వచ్చింది.

"కూర్చోవడం ఎలాగూ కూర్చున్నావు. లేచి మేకల పాలు పిండు" అంది.

అలా మొదలైంది. రోజూ పాలు పిండడం, ఆ తర్వాత వెన్న తీయడం, ఆ తర్వాత మొగుడికి అన్నం వండి, పొంగిన చోట కొత్తగా గీసిన గీత దగ్గర పెట్టడం. ఆ అన్నం కూర్మయ్య కుక్క తినేది. ఆ దేశంలో అంత బలిసిన కుక్క ఇంకోటి లేదు. మూటా చాపా మాత్రం గుమ్మం పక్కనే ఉండేవి. ఆమె వాటిని లోపల పెట్టలేదు.

ఒక ఏడాది గడిచింది. అప్పుడు తవిటమ్మ అన్న సన్యాసి బండి కట్టుకుని వచ్చాడు. బండిలో మెత్తగా గడ్డి పరిచి తెచ్చాడు.

"ఎక్కు చెల్లీ" అన్నాడు.

తవిటమ్మ బండి చక్రం మీద కాలు పెట్టింది కూడా. అప్పుడు పక్కింటి ఆవిడ కేక వేసింది. "పారినాయుడు కదిలాడు!"

నిజమే. ఏడాదిలో గడ్డం కాస్త పైకి లేచింది. తల కాస్త వెనక్కి వాలింది.

"ఆకాశం వైపు చూస్తున్నాడు" అన్నాడు కూర్మయ్య. "దేవుడి సాక్షిగా తప్పు ఒప్పుకుంటాడు, చూస్తూ ఉండండి."

తవిటమ్మ చూసింది. ఆ నాలుగు నెలల్లో ఆయన తప్పు ఒప్పుకోవడం ఆమె ఒక్కసారీ వినలేదు. వింటే ఎలా ఉంటుందో అనిపించింది. పంతొమ్మిదేళ్ళు వెళ్ళి ఇరవై వచ్చాయంతే, అలా అనిపించడం తప్పేం కాదు.

"ఆయన మాట అయిపోయాక వస్తాను అన్నా. ఎంతసేపులే" అంది.

సన్యాసి ఖాళీ బండి తోలుకుపోయాడు. గడ్డి మాత్రం దించి వెళ్ళాడు, మేకలకి పనికొస్తుందని.

ఆ రోజు నుంచి తవిటమ్మ జవాబు సిద్ధం చేసుకోవడం మొదలుపెట్టింది. ఆయన "ఉండు" అంటే తను "సరే, ఉంటాను" అనాలి. వెంటనే అనకూడదు. కాస్త ఆగి అనాలి. పాలు పిండుతూ మేకలకి చెప్పి చూసుకునేది. మేకలు ఒప్పుకున్నాయి.

ఊఁ కొడుతున్నావా? ఊఁ.

ఎనిమిదో ఏడు వచ్చింది. ఆ ఊరికి ఏటా కోతలయ్యాక ఒకతను వచ్చేవాడు, అరిగిన తిరగలి రాళ్ళకి ఉలితో గంట్లు పెట్టేవాడు. పేరు బైరాగి. మొహం నిండా స్ఫోటకం మచ్చలు. మాటలు తక్కువ. ఆ ఊళ్ళో అంత తక్కువ మాట్లాడే మనిషి నిదానంలో ఉన్నాయన ఒక్కడే.

బైరాగి మూడేళ్ళు తవిటమ్మ తిరగలికి గంట్లు పెట్టాడు. మూడో ఏడు కూలి గింజలు ముట్టుకోలేదు. ఉలి కిందపెట్టి అన్నాడు. "నాకు ఒక గాడిద ఉంది. రెండు ఉలులు ఉన్నాయి. వాన కురవని ఒక పాక ఉంది. ఇంక చెప్పడానికేం లేదు."

తవిటమ్మ నవ్వింది. ఆమె పై పళ్ళలో ఒకటి కాస్త వంకరగా ఉంటుందని ఊరికి ఆ రోజే తెలిసింది. గుమ్మం పక్కనున్న మూట అందుకుంది. చాప చంకన పెట్టుకుంది.

అప్పుడు ఎర్రయ్యమ్మ వీధిలో పడి దొర్లింది. "నా కొడుకు ఏడుస్తున్నాడ్రోయ్!"

ఊరంతా పరిగెత్తింది. నిజమే. పారినాయుడి కళ్ళు సగం మూతపడ్డాయి. రెప్పల అంచున నీళ్ళు. ఎండలో మెరుస్తున్నాయి.

అది చూసి ఊళ్ళో ఆడవాళ్ళంతా ఏడ్చారు. మగవాళ్ళు కండువాలు కళ్ళకి అడ్డం పెట్టుకున్నారు.

"మగవాడు నీ కోసం కంట తడి పెడితే, వీడెవడితోనో గాడిదెక్కి పోతావుటే?" అంది పక్కింటి ఆవిడ. ఆవిడ మొగుడు ఆవిడ కోసం కంట తడి కాదు, కాళ్ళు కడుక్కోవడానికి నీళ్ళు కూడా పెట్టినవాడు కాదు. అందుకే అంత కోపం.

తవిటమ్మ గీత దగ్గరికి వెళ్ళి ఆ కన్నీటి చుక్కని చాలాసేపు చూసింది. వెనక్కి వచ్చి మూట దించింది.

బైరాగి ఉలులు గాడిద మీద వేసుకుని వెళ్ళిపోయాడు. మరుసటి ఏడు అతని బదులు ఇంకొకతను వచ్చాడు. తవిటమ్మ అతని చేత గంట్లు పెట్టించుకోలేదు. ఆ తిరగలి అలా అరిగి అరిగి నున్నబడిపోయింది. తర్వాత అందులో ఏం వేసినా నలిగేది కాదు.

ఆ తర్వాత ఎర్రయ్యమ్మ పోయింది. కూర్మయ్యా పోయాడు. ఆయన కొడుకు చినకూర్మయ్య పెద్ద అయ్యాడు. తండ్రి నుంచి ఆయనకి గొంతు వచ్చింది. కుక్క పిల్లలు కూడా వచ్చాయి.

ఈలోగా ఊరు బాగుపడింది. పక్క ఊళ్ళవాళ్ళు పారినాయుణ్ణి చూడడానికి రావడం మొదలుపెట్టారు. ఇటుక రంగు చందమామ నిండుగా ఉన్న రోజున ఏటా మాట తిరునాళ్ళు జరిపేవాళ్ళు. మరమరాలు అమ్మేవాళ్ళు, రంగులరాట్నం పెట్టేవాళ్ళు. "ఉండు" అంటాడని సగం ఊరు, "క్షమించు" అంటాడని సగం ఊరు. "పో" అంటాడని ఒక్కరూ అనలేదు. అంత ఏడ్చిన మనిషి ఎలా అంటాడు?

పిల్లలు నిదానంలోకి రాళ్ళు విసిరేవాళ్ళు. అవి గాలిలో నిలబడేవి. ఊళ్ళోకి కొత్త కోడలు వస్తే, పసుపు బట్టలు విప్పకముందే తీసుకొచ్చి, కుండలో వేలి గుర్తు చూపించేవాళ్ళు.

"చూడమ్మా. వేలు పెడితే ఏమవుతుందో."

తవిటమ్మ పక్కనే పాలు పిండుతూ ఉండేది. కొత్త కోడళ్ళు కుండనీ చూసేవాళ్ళు, ఆమెనీ చూసేవాళ్ళు.

ఇరవయ్యో ఏడు, పుట్టింటి నుంచి ఒక మనిషి కబురు తెచ్చాడు. "మీ అమ్మ మంచాన ఉంది. నిన్ను ఒక్కసారి చూడాలంటోంది. రెండు రోజుల నడక."

తవిటమ్మ చేతులు కడుక్కోకుండానే లేచింది. మూట కూడా తీసుకోలేదు.

చినకూర్మయ్య అడ్డం వచ్చాడు. "చూడు అత్తా, ఇటు చూడు."

పారినాయుడు నోరు తెరిచాడు. పెదవుల మధ్య వేలు దూరేంత సందు. కుడి చెయ్యి కూడా లేచింది, ముందుకు, గుండె దాకా.

"నోరు తెరిచాడు. చెయ్యి చాచాడు. ఇవాళో రేపో మాట వస్తుంది" అన్నాడు చినకూర్మయ్య.

"రెండు రోజుల్లో వెళ్ళి, రెండు రోజుల్లో వస్తాను నాయనా. అమ్మ చచ్చిపోతోంది."

"ఆ నాలుగు రోజుల్లోనే మాట వస్తే? ఇరవై ఏళ్ళుగా నీ కోసం చెప్తున్న మాట పరాయివాళ్ళం మేం వింటే, ఆయనకి ఎంత అవమానం?"

తవిటమ్మ ఆ తెరిచిన నోటి వైపు చూసింది. ఇరవై ఏళ్ళు పెట్టిన తర్వాత, నాలుగు రోజుల కోసం అదంతా పోగొట్టుకోవడం ఆమెకి చేతకాలేదు. అదొక్కటే ఆమె చేసిన తప్పు. వేలు పెట్టడం కాదు.

తల్లి ఐదో రోజున పోయింది. ఆ మనిషే మళ్ళీ వచ్చి చెప్పాడు. ఆ పూట కూడా నలభై మేకల పాలు పిండాలి. పిండింది.

ఆ తర్వాత ఆమె జవాబు మారిపోయింది. ఆయన "ఉండు" అంటే, "ఆలోచిస్తాను" అనాలనుకుంది. ఇంకొన్నేళ్ళకి, "ఎందుకు?" అనాలనుకుంది. ఇంకొన్నేళ్ళకి ఏ జవాబూ అనుకోవడం మానేసింది. మాట మాత్రం వినాలి. విని వెళ్ళాలి. చాప పాతబడితే కొత్తది అల్లుకుని గుమ్మం పక్కన పెట్టింది. అలా మూడు చాపలు మారాయి. మూటలో చీరలు చెదలు పట్టి, వాటి బదులు ముసలమ్మలు కట్టుకునే చీరలు వచ్చాయి.

నలభై ఒకటో ఏడు, తిరునాళ్ళ రోజు పొద్దున్నే, రొద ఆగింది.

జనం పరిగెత్తబోయారు. అయితే ఈసారి నిదానం పొంగలేదు. పొంగే పాల మీద నీళ్ళు చిలకరిస్తే దిగిపోయినట్టు, వెనక్కి దిగిపోయింది. కొండ చీలికలోకి వెళ్ళిపోయింది. ఎందుకు వచ్చిందో చెప్పలేదు, ఎందుకు పోయిందో చెప్పలేదు.

మొదట పిల్లలు విసిరిన రాళ్ళు నేల మీద పడ్డాయి. ఆ తర్వాత తాడు ఉచ్చు వచ్చి పారినాయుడి మెడలో పడింది. ఆ తర్వాత ఆయన కుడి కాలు నేలకి ఆనింది.

ఊరంతా ఊపిరి బిగబట్టింది. అప్పటికి ఊరి పెద్ద చినకూర్మయ్య కొడుకు, బుల్లి కూర్మయ్య. ఆయన చెయ్యెత్తి మరమరాలు నమిలేవాళ్ళని కూడా ఆపాడు. తవిటమ్మ పాల చేతులతో వచ్చి, నలభై ఒక్క ఏళ్ళ కింద చాప దులిపిన చోటే నిలబడింది. ఆమెకి అరవై ఏళ్ళు. జుట్టు తెల్లబడింది. వంకర పన్ను ఊడిపోయింది.

పారినాయుడి తల ఇంకాస్త వెనక్కి వాలింది. కళ్ళు పూర్తిగా మూసుకున్నాయి. నోరు పూర్తిగా తెరుచుకుంది. చెయ్యి ముక్కు దగ్గరికి వచ్చింది.

తుమ్మాడు.

పెద్ద తుమ్ము. కొండకి తగిలి వెనక్కి వచ్చింది.

 కాసేపటికి బుల్లి కూర్మయ్య ముందుకు వంగి, "మాట?" అన్నాడు.

"ఏం మాట?" అన్నాడు పారినాయుడు, కండువాతో ముక్కు తుడుచుకుంటూ. "చాప దులిపితే దుమ్మంతా ముక్కులోకి పోయింది." ఆ తర్వాత కుండ ఎత్తి పట్టుకున్నాడు. "ఇదిగో! చూడండి నలుగురూ! వేలి గుర్తు!"

చూడాల్సిన ఆ నలుగురూ ఎప్పుడో పోయారు. వాళ్ళ మనవలు మర్యాదకి చూశారు. పుట్టినప్పటి నుంచి చూస్తున్నదే.

పారినాయుడు అటూ ఇటూ చూశాడు. ఎదురుగా ఉన్న ముసలావిణ్ణి అడిగాడు. "ఏం అవ్వా, మా ఇంటి దొంగ ఎటు పోయింది?"

తవిటమ్మ ఇంటి గుమ్మం దగ్గరికి వెళ్ళింది. మూట తీసుకుంది. చాప చంకన పెట్టుకుంది. తిరిగి వచ్చి మొగుడి ముందు నిలబడింది.

"ఒంటి తుమ్ము అత్తమ్మా" అన్నాడు బుల్లి కూర్మయ్య. "బయలుదేరేటప్పుడు ఒంటి తుమ్ము మంచిది కాదు. కాసేపు కూర్చుని వెళ్ళు."

"కూర్చున్నాను నాయనా" అంది తవిటమ్మ.

అప్పుడు ఆమె కుండలో చెయ్యి పెట్టింది. వేలు కాదు, మణికట్టు దాకా చెయ్యి. పెద్ద ముద్ద తీసింది. అందరూ చూస్తుండగా నిలబడే తిన్నది, చివరిదాకా, తొందర పడకుండా. చేతిని ఆయన కండువాకే తుడుచుకుంది.

అప్పటికి పారినాయుడు ఆ ముసలావిడ చూపుడు వేలి వైపు చూశాడు, ఆ తర్వాత మొహం వైపు చూశాడు. "తవిటీ, నేను..." అని మొదలుపెట్టాడు.

మాట పూర్తి కాలేదు. తవిటమ్మ అప్పటికే వీధి మలుపు తిరిగింది.

పుట్టింట్లో ఎవరూ లేరని ఆమెకి తెలుసు. ఇల్లు పడిపోయిందని కూడా తెలుసు. ఆ దారినే వెళ్ళింది.

ఆ సాయంత్రం నలభై మేకల పాలు పారినాయుడు పిండాడు.

ఏంటి? వెన్న ఎలా ఉందటా? తాజాగా ఉందట.

వెన్న చేరె నోటికి,
వేలు చేరె బాటకి,
కథ కాస్తా కంచికి,
నిద్ర కాస్తా కంటికి.